గేమ్‌లోని క్లా మెషిన్‌లో బొమ్మ గెలవడం ఎలా: పంజా మీంచి కళ్లు తీసి నీడ మీద పెట్టండి

క్లా మెషిన్ అంటే కాయిన్ వేసి, పంజాను జరిపి బొమ్మను ఎత్తే పెట్టె. వీడియో గేమ్‌లలోని ఆ పెట్టె దగ్గర చాలామంది చేసే తప్పు ఒకటే. కళ్లు పంజాకి అప్పగించేస్తారు. పంజా గాల్లో ఉంటుంది, బొమ్మ నేల మీద ఉంటుంది. కెమెరా ఏటవాలుగా చూపిస్తుంది కాబట్టి గాల్లో ఉన్నది నేల మీద ఉన్న దేనికి సరిగ్గా పైన ఉందో కంటికి అందదు. పైనే ఉందనిపిస్తుంది. తీరా దిగేసరికి బొమ్మ వెనకాల బెత్తెడు అవతల దిగుతుంది. మెషినే మోసం చేసిందనుకుని ఇంకో కాయిన్ వేస్తాం, మళ్లీ అదే చోట తప్పుతాం.

ఎక్కడ దిగబోతోందో గేమ్ ముందే చెబుతోంది. పంజా కింద ఒక మసక నీడ ఉంటుంది. ఈ వ్యాసంలో చెప్పబోయేదంతా ఆ నీడను చదవడం గురించి, దాన్ని చదివాక వేలు ఎప్పుడు తీయాలన్న దాని గురించి. ఉదాహరణలు ఎక్కువగా మూడు గేమ్‌ల నుంచి తీసుకుంటున్నాను: జెల్డా వరుసలోని లింక్స్ అవేకెనింగ్, స్టార్‌డ్యూ వ్యాలీ, యాకుజా 0. మీరు ఆడేది వేరే గేమ్ అయినా పద్ధతి పెద్దగా మారదు.

అదృష్టం సంగతి ముందు తేల్చుకుందాం

ఆర్కేడ్లలో, అంటే కాయిన్ వేసి ఆడే ఆటల హాళ్లలో, ఉండే అసలు మెషిన్లలో చాలావాటికి పంజా పట్టు ఎంత గట్టిగా ఉండాలో యజమాని మార్చుకోగలడు. ఇన్ని ఆటలకు ఒకసారి మాత్రమే గట్టిగా పట్టేలా అమర్చుకునే మెషిన్లు కూడా ఉన్నాయి. ఆ అనుభవం ఉన్నవాళ్లు వీడియో గేమ్‌లోని మెషిన్‌ని కూడా అదే అనుమానంతో చూస్తారు. అది సహజమే, కానీ ఇక్కడ ఆ అనుమానం మీకు అడ్డం వస్తుంది. కథ ముందుకు సాగాలనీ ఆటగాడు కాసేపు సరదాగా గడపాలనీ పెట్టిన చిన్న ఆట ఇది. మీరు గెలిస్తే గేమ్‌కి పోయేదేమీ లేదు.

లింక్స్ అవేకెనింగ్‌నే చూడండి. 1993లో నింటెండో వాళ్ల పాత చేతి యంత్రం గేమ్ బాయ్‌కి వచ్చింది, 2019లో వాళ్లదే స్విచ్ కోసం కొత్తగా తయారైంది. మేబే విలేజ్‌లోని ట్రెండీ గేమ్ అనే దుకాణంలో ఒక ఆటకు 10 రూపీలు (రూపీ ఆ గేమ్‌లోని డబ్బు). అక్కడ గెలిచే యోషీ బొమ్మను ఊళ్లోనే ఒక తల్లికి, ఆమె పసిబిడ్డ కోసం ఇస్తే రిబ్బన్ ఇస్తుంది. రిబ్బన్ ఇస్తే ఇంకోటి, అది ఇస్తే మరోటి. ఆ మార్పిడి గొలుసు చివర్లో ఒక భూతద్దం వస్తుంది. ఆట చివర్లో వెళ్లాల్సిన పెద్ద గుడ్డులోని చిక్కుదారి చెప్పే పుస్తకం చదవాలంటే ఆ భూతద్దం ఉండాలి. ఇంత దూరం పోయే గొలుసుకు మొదటి కొక్కెం క్లా మెషిన్‌లో పెట్టారంటే, ఆటగాడు దాన్ని గెలవాలనే పెట్టారు.

ఇంతకీ అదృష్టం అసలు లేదా అంటే, కొంత ఉంది. కొన్ని గేమ్‌లలో పట్టుకున్న బొమ్మ దారిలో జారడానికి కొంత అవకాశం కావాలనే ఉంచుతారు. స్టార్‌డ్యూ వ్యాలీలో ఇది కనిపిస్తుంది. అక్కడ కూడా బొమ్మను నడిమధ్యన పట్టుకుంటే జారే ప్రమాదం తగ్గుతుంది. అంటే అదృష్టం వాటా ఎంత ఉండాలో కూడా కొంతవరకు మీ గురే నిర్ణయిస్తుంది.

కాయిన్ వేయకముందు

మొదట సేవ్ చేయండి. లింక్స్ అవేకెనింగ్ స్విచ్ వెర్షన్‌లో మెనూలోంచే సేవ్ చేసుకోవచ్చు. యాకుజా 0లో మాత్రం టెలిఫోన్ బూత్‌కి వెళ్లి సేవ్ చేయాలి, కాబట్టి మెషిన్లు ఉండే క్లబ్ సెగా అనే ఆర్కేడ్ లోపలికి అడుగుపెట్టే ముందే ఆ పని చూసుకోండి. స్టార్‌డ్యూ వ్యాలీలో రాత్రి పడుకుంటేనే రోజు సేవ్ అవుతుంది. అక్కడ వెనక్కి వెళ్లాలంటే ఆ రోజు చేసిన పనులన్నీ పోతాయి. ఓడిన ప్రతిసారీ సేవ్ తిరగతోడి ఆడమని నేను చెప్పను, అలా గెలిచిన బొమ్మను చూస్తే నాకు తృప్తి కలగదు. కానీ మెషిన్ కొలతలు నేర్చుకునే మొదటి పది ఆటలకు సేవ్ చేసిపెట్టుకోవడంలో ఏ తప్పూ లేదు. కొలతలు మీ చేతికి అలవడ్డాక గేమ్‌ని తిరిగి లోడ్ చేసి, లెక్కలోకి వచ్చే ఆట ఆడండి.

రెండోది, టీవీ. టీవీలో ఆడుతుంటే సెట్టింగ్స్‌లో గేమ్ మోడ్ ఆన్ చేయండి. మామూలు మోడ్‌లో టీవీ ప్రతి దృశ్యాన్నీ నున్నగా, రంగులద్ది చూపించడానికి కొంత సమయం తీసుకుంటుంది. తెర మీద మీరు చూసే పంజా అప్పటికే కాస్త ముందుకు వెళ్లిపోయి ఉంటుంది. పోరాటాల్లో ఈ తేడా అంతగా తెలియకపోవచ్చు. ఇక్కడ మాత్రం బొమ్మ దక్కుతుందా జారుతుందా అన్నది ఆ తేడా మీదే ఉంటుంది.

మూడోది, ఏ బొమ్మ కావాలో బయటే తేల్చుకోండి. ఆట మొదలయ్యాక మనసు మారితే చెయ్యి తడబడుతుంది. అన్నిటికన్నా అందంగా ఉన్నది మూలన ఇరుక్కుని ఉంటే, మొదట దాని ముందున్న చిన్నదాన్ని తీయండి. గూటికి, అంటే బహుమతి బయటికి వచ్చే కంతకు, దగ్గరగా ఉన్న బొమ్మకు ప్రయాణం తక్కువ. ప్రయాణం తక్కువైతే జారడానికి సమయమూ తక్కువే.

మొదటి ఆట కొలతకే

మొదటి కాయిన్‌తో బొమ్మ గెలవాలని చూడకండి. ఆ కాయిన్ ఖర్చయ్యేది నాలుగు సంగతులు తెలుసుకోవడానికి.

పంజా పెట్టె ఈ చివర నుంచి ఆ చివరకు ఎంతసేపట్లో వెళుతుంది? బటన్ వదలగానే ఠక్కున ఆగుతుందా, కాస్త జారి ఆగుతుందా? వదిలిన దగ్గర్నుంచి గోళ్లు మూసుకునే వరకు ఎంతసేపు? ఒకసారి ఆపాక మళ్లీ అదే దిశలో కదపనిస్తుందా?

చివరి ప్రశ్నకు జవాబును బట్టి మెషిన్లు రెండు రకాలు. లింక్స్ అవేకెనింగ్, యాకుజా లాంటి వాటిలో ఒకసారి అడ్డంగా, ఒకసారి లోపలికి, అంతే. వేలు తీశారంటే ఆ దిశ ముగిసినట్టే, వెనక్కి రాదు. స్టార్‌డ్యూ వ్యాలీలో అలా కాదు. గడియారం నడుస్తున్నంతసేపూ పంజాను నాలుగు వైపులా తిప్పుకోవచ్చు, మీరు నొక్కినప్పుడు దిగుతుంది, సమయం అయిపోతే తనంతట తానే దిగిపోతుంది. మొదటి రకంలో గెలుపంతా వేలు తీసే క్షణంలో ఉంటుంది. రెండో రకంలో ఓపికగా నిలబడటంలో ఉంటుంది.

నోటితో లెక్కపెట్టండి, పైకే. "ఒకటీ, రెండూ, మూడూ" అని ఒకే లయలో. మనసులో లెక్కపెడితే ఉత్కంఠలో వేగం పెరిగిపోతుంది, నోటితో అయితే లయ నిలుస్తుంది.

నీడను చదవడం

ఇది కుదిరితే సగం పని అయినట్టే, అందుకని ఇక్కడ కాస్త ఆగుదాం.

గేమ్‌లో పంజా నీడ నిజమైన దీపం వల్ల పడే నీడ లాంటిది కాదు. చాలా గేమ్‌లలో దాన్ని కావాలనే పంజాకు నిట్టనిలువుగా కింద గీస్తారు, ఆటగాడు లోతును అంచనా వేసుకోవడానికి. గెంతే ఆటల్లో హీరో కింద ఎప్పుడూ గుండ్రటి నీడ ఉండటానికీ కారణం ఇదే. కాబట్టి నీడ ఎక్కడుంటే పంజా అక్కడే దిగుతుంది. గాల్లో వేలాడే పంజాను అసలు చూడకండి. మొదట్లో ఇది కష్టం, ఎందుకంటే మెరుస్తూ ఊగేది అదే, కన్ను దాని వైపే లాగుతుంది. నాకు అలవాటు కావడానికి రెండు సాయంత్రాలు పట్టింది. నీడ మసకగా ఉంటే టీవీ వెలుతురు కాస్త పెంచండి.

నీడ నేల మీద పడినప్పుడు ఒక చోట, ఎత్తైన బొమ్మ మీద పడినప్పుడు ఇంకోచోట ఉన్నట్టు కనిపిస్తుంది. బొమ్మ మీదికి ఎక్కిన నీడ తెరపై కాస్త పైకి జరిగినట్టు ఉంటుంది. అందుకే నీడను బొమ్మ ముఖంతో పోల్చకండి. బొమ్మ కాళ్లు నేలను తాకే చోటు చూసుకోండి, ఆ చోటుకు ఎడమ, కుడి అంచులు గుర్తుపెట్టుకోండి, నీడ మధ్యభాగం ఆ రెంటి నడుమకు వచ్చిందా అని చూడండి. లోతు విషయంలో కూడా అంతే. బొమ్మ తల ఎక్కడుందో పక్కన పెట్టి, అది కూర్చున్న చోటును లెక్కలోకి తీసుకోండి. ఎత్తు బొమ్మల దగ్గర తల చూసి గురిపెట్టినవాళ్ల పంజా ఎప్పుడూ అవసరమైన దానికన్నా లోపలికి వెళ్లిపోతుంది. కెమెరా ముందు నుంచి, పై నుంచి చూస్తుంటుంది కాబట్టి తల తెరపై వెనకున్న నేల మీద పడి కనిపిస్తుంది. కారణం అదే.

నీడ గీయని మెషిన్లూ ఉన్నాయి. అప్పుడు పంజా వేలాడే పట్టాలను చూడండి. లోపలికి వెళ్లే పట్టా మీద పంజా ఎంత దూరంలో ఉందో, పెట్టె పక్క గోడ మీద అదే దూరంలో ఉన్న ఏదో ఒక గుర్తుతో, అద్దం చట్రమో, స్టిక్కరో, మడతో, జత కట్టుకోండి. ఒక ఆట పోయాక పంజా ఆ గుర్తుకు ఎదురుగా ఎక్కడ దిగిందో చూస్తే మిగతా ఆటలకు అదే కొలబద్ద. పక్క నుంచి చూసే కెమెరా ఇచ్చే గేమ్ అయితే అడ్డంగా జరిపేటప్పుడు ముందు నుంచి, లోపలికి జరిపేటప్పుడు పక్క నుంచి చూడండి. రెండు పనులకూ ఒకే కోణం సరిపోదు.

వేలు ఎప్పుడు తీయాలి

మీ పంజా ఎప్పుడూ ఒక బొమ్మ అవతలే ఆగుతోందా? దానికి లెక్క ఉంది.

పంజా పెట్టెను దాటడానికి 3 సెకన్లు పడుతుందనుకుందాం. వరుసలో 10 బొమ్మలు పడతాయనుకుందాం. అంటే ఒక్కో బొమ్మను దాటడానికి 0.3 సెకను. మనిషి కన్ను ఒకటి చూసి వేలు కదలడానికి సుమారు 0.2 నుంచి 0.25 సెకను పడుతుంది. టీవీ ఆలస్యం కూడా కలిపితే అది 0.3కి చేరుతుంది. "ఇప్పుడు సరిగ్గా పైనుంది" అని చూసి వేలు తీస్తే, వేలు తీసేలోపు పంజా ఒక బొమ్మ దాటేసి ఉంటుంది. మీ చెయ్యి నెమ్మదిగా ఉండటం వల్ల వచ్చిన తప్పు ఇది కాదు, ఎవరి శరీరమైనా అంతే.

కాబట్టి చూసి వదలకూడదు, ముందే అనుకుని వదలాలి. రెండు దారులున్నాయి. ఒకటి, కావలసిన బొమ్మకు ముందున్న బొమ్మను మీ గుర్తుగా పెట్టుకోవడం. నీడ ఆ ముందు బొమ్మ మధ్యకు రాగానే వేలు తీయండి. ఎంత అవతల ఆగిందో చూసి, గుర్తును సగం బొమ్మ అటో ఇటో జరపండి. రెండు మూడు ఆటల్లో కుదిరిపోతుంది.

రెండోది లయ. నాకు ఇదే బాగా పనిచేస్తుంది. పంజా కదలడం మొదలవగానే లెక్క మొదలుపెట్టి, ఎన్నో అంకె మీద వదిలితే ఎక్కడ ఆగిందో ఒక కాగితం మీద రాసుకోండి. "నాలుగు మీద వదిలితే ఎర్ర బొమ్మ, నాలుగున్నర మీద వదిలితే దాని కుడిచెయ్యి" ఇలా. తర్వాతి ఆటలో కళ్లు మూసుకున్నా ఆ అంకె మీద అదే చోటుకు వెళుతుంది, ఎందుకంటే గేమ్‌లో పంజా వేగం ప్రతిసారీ ఒక్కటే. ఉప్పు బస్తా మోసినట్టు ఒకసారి ఈడ్చుకుంటూ, ఒకసారి పరుగెడుతూ పోదు. పాట పాడే అలవాటున్నవాళ్లు, తాళం వేసే అలవాటున్నవాళ్లు ఈ పద్ధతిని చాలా త్వరగా పట్టుకోవడం గమనించాను.

గేమ్ సెకనుకు 60 ఫ్రేములతో (తెర మీద వరసగా మారే చిత్రాలతో) నడుస్తుంటే ఆ 0.3 సెకనులో 18 ఫ్రేములు ఉంటాయి, 30 ఫ్రేములతో నడుస్తుంటే 9 మాత్రమే. ఒక ఫ్రేము తేడాతో బొమ్మ పోదు, నాలుగైదు తేడా వస్తే పోతుంది. అంటే మీకు కావలసినంత సందు ఉంది, కంగారు పడకండి. బటన్‌ని బలంగా నొక్కకండి కూడా. గట్టిగా బిగించిన వేలు లేవడానికి ఎక్కువసేపు తీసుకుంటుంది.

బొమ్మను ఎక్కడ పట్టుకోవాలి

బరువు లెక్క ఉన్న గేమ్‌లలో, అంటే బొమ్మ ఒరగడం, దొర్లడం, గోళ్ల మధ్య తిరగడం కనిపించే గేమ్‌లలో, ఎక్కడ తగిలిందన్నదే అసలు విషయం. గుడ్డ బొమ్మల్లో తల పెద్దది, ఒళ్లు చిన్నది. చూడ్డానికి మధ్యభాగం పొట్ట దగ్గర ఉన్నా, బరువు మధ్యభాగం మెడ దగ్గర ఉంటుంది. పడుకుని ఉన్న బొమ్మను పొట్ట దగ్గర పడితే తల వైపు వాలి జారిపోతుంది. మెడ కింద, చంకల దగ్గర గోళ్లు దూరేలా దింపండి. చేతులు గోళ్ల మీద వేలాడి ఆసరాగా నిలుస్తాయి.

పంజాకు ఎన్ని గోళ్లున్నాయో, అవి ఎటు తెరుచుకుంటాయో చూడండి. లింక్స్ అవేకెనింగ్ స్విచ్ వెర్షన్ లాంటి చోట రెండు గోళ్లు ఎడమకు, కుడికి తెరుచుకుంటాయి. ఇలాంటి పంజా అడ్డంగా చేసిన చిన్న తప్పును సర్దేస్తుంది, ఎందుకంటే మూసుకునేటప్పుడు ఒక గోరు బొమ్మను మధ్యకు నెట్టుకొస్తుంది. లోతులో చేసిన తప్పును మాత్రం సర్దలేదు. బొమ్మ ముందు అంచునో వెనక అంచునో పట్టుకుంటే, లేవగానే బరువైన వైపు కిందికి తిరిగి గోళ్ల మధ్యలోంచి జారిపోతుంది. అందుకే రెండు గోళ్ల పంజా అయితే మీ శ్రద్ధలో ఎక్కువ భాగం రెండో బటన్‌కి, లోపలికి జరిపే దానికి, ఉంచుకోండి. మనలో చాలామంది మొదటి బటన్ దగ్గర ఊపిరి బిగబట్టి, అది కుదరగానే రెండోదాన్ని తేలిగ్గా వదిలేస్తారు. నేను చూసిన ఓటముల్లో ఎక్కువ భాగం అక్కడ జరిగినవే.

మూడు గోళ్ల పంజాకు అన్ని వైపులా తప్పు ఒకేలా లెక్కకు వస్తుంది. గుండ్రటి బొమ్మలకు అది మేలు, పొడవాటి వాటికి అంతగా నప్పదు.

నిటారుగా కూర్చున్న బొమ్మ, బోర్లా పడ్డ బొమ్మ పక్కపక్కనే ఉంటే కూర్చున్నదానికి వెళ్లండి. ఒకదాని మీద ఒకటి ఉంటే పైది. ఇరుక్కున్నదాన్ని లాగితే పక్క బొమ్మల రాపిడికే పట్టు సడలిపోతుంది.

బొమ్మ ఎత్తడం కుదరదనిపిస్తే, నెట్టండి. గూడు అంచున ఉన్న బొమ్మకు ఒక పక్కగా పంజాను దింపితే మూసుకునే గోరు దాన్ని గూటి వైపు తోస్తుంది. బరువు లెక్క ఉన్న గేమ్‌లలో బొమ్మ అలా పడినా మీదే. మూడు ఆటల్లో కొంచెం కొంచెం జరిపి, నాలుగో ఆటలో పడేయడం ఒకే ఆటలో ఎత్తబోయి పది కాయిన్లు పోగొట్టుకోవడం కన్నా మంచిది. బొమ్మ జారిపోయిన ప్రతిసారీ ఎక్కడ పడిందో చూడండి. గూటికి దగ్గరగా జరిగితే అది ఓటమి కింద లెక్క వేసుకోకండి, అదే బొమ్మ మీద ఆడండి. దూరంగా, మూలకు పోతే మాత్రం మమకారం వదిలేసి ఇంకోటి చూసుకోండి.

బెల్ట్ మీద తిరిగే బొమ్మ

కదిలే బొమ్మను పట్టడం కష్టమనిపిస్తుంది గానీ, ఇది గురి కన్నా ఎక్కువగా కూడికల లెక్క. మొదటి ఆటలో వేలు తీసిన దగ్గర్నుంచి గోళ్లు మూసుకునే వరకు ఎంతసేపో కొలిచారు కదా. అది 2 సెకన్లు అనుకుందాం. బెల్ట్ మీద బొమ్మ తన వెడల్పంత దూరం జరగడానికి 1 సెకను పడితే, పంజా దిగేలోపు అది రెండు బొమ్మల దూరం పోతుంది. కాబట్టి నీడను బొమ్మ మీద పెట్టకండి, బొమ్మ వెళ్లబోయే దారిలో రెండు బొమ్మలంత ముందు పెట్టండి.

తిరుగుతున్న బొమ్మ వెంట పంజాను పరుగెత్తించకండి. చెరువులో చేప వెంట గాలం ఈడ్చేవాళ్లు ఉండరు, చేప వచ్చే చోట వేసి కూర్చుంటారు. బెల్ట్ మీద ఒక చోటును ఎంచుకోండి, పంజాను ఎప్పుడూ అక్కడే దించండి, మారేది ఎప్పుడు దించాలన్నది మాత్రమే. దానికి బెల్ట్ పక్కన ఒక గుర్తు పెట్టుకుని, బొమ్మ ఆ గుర్తును దాటగానే వదలండి. ఇలా చేస్తే తప్పిన ప్రతి ఆటా మీకు ఒకే ప్రశ్నకు జవాబు చెబుతుంది: గుర్తు కాస్త ముందుకా, వెనక్కా?

చోటు ఎంచుకునేటప్పుడు మలుపులు వద్దు. మలుపులో బొమ్మ దిశ మారుతుంది, లెక్క తప్పుతుంది. తిన్నగా పోయే భాగంలో మధ్యన చూసుకోండి. రెండు గోళ్లు ఎడమకు, కుడికి తెరుచుకునే పంజా అయితే, బెల్ట్ కూడా ఎడమ నుంచి కుడికో, కుడి నుంచి ఎడమకో పోయే భాగాన్ని తీసుకోండి. సమయం కాస్త తప్పినా ఆ తప్పు అడ్డంగానే వస్తుంది, అడ్డం తప్పును ఆ పంజా సర్దేస్తుందని ముందే చెప్పుకున్నాం.

స్టార్‌డ్యూ వ్యాలీలో కూడా కొన్ని బహుమతులు బెల్ట్ మీద తిరుగుతుంటాయి. అక్కడ పంజాను ముందుగా నిలబెట్టుకుని ఎదురుచూడవచ్చు కాబట్టి ఇంకా సులువు. గడియారం మీద ఒక కన్నేసి ఉంచండి చాలు.

ఆ మూడు గేమ్‌ల గురించి మరికొంత

స్టార్‌డ్యూ వ్యాలీలో క్లా మెషిన్ పేరు క్రేన్ గేమ్. అది 2019లో వచ్చిన 1.4 వెర్షన్‌తో, సినిమా హాలుతో పాటు వచ్చింది. ఊళ్లోని కమ్యూనిటీ సెంటర్‌ని పూర్తిచేసి, ఆపైన మూతబడ్డ జోజా దుకాణంలోని మిస్సింగ్ బండిల్‌ని కూడా పూర్తిచేసిన తర్వాతో, కమ్యూనిటీ సెంటర్‌కి బదులు జోజా కంపెనీ దారిలో వెళ్లినవాళ్లకైతే డబ్బు కట్టిన తర్వాతో హాలు తెరుచుకుంటుంది. ఉదయం 9 నుంచి రాత్రి 9 వరకు ఉంటుంది. లోపలికి వెళ్లాలంటే టికెట్ కావాలి, అది 1000 గోల్డ్, వారానికి ఒకసారే సినిమా. కాబట్టి క్రేన్ గేమ్ ఆడే అవకాశమూ వారానికి ఒక్కసారే. వెళ్లిన రోజున చేతిలో డబ్బు ఉంచుకుని వెళ్లండి. ఒక ఆటకు 500 గోల్డ్, అందులో మూడు ప్రయత్నాలు, డబ్బున్నంతసేపు మళ్లీ మళ్లీ ఆడవచ్చు. కొన్ని రోజులు మెషిన్ దగ్గర వేరే మనిషి నిలబడి ఉంటాడు, ఆ రోజు మీకు దక్కదు. ఆడుతున్న సినిమాను బట్టి బహుమతులు మారతాయి, ఆ సినిమాకు సంబంధించిన అలంకరణ వస్తువులు కావాలంటే అది నడిచే రోజుల్లోనే వెళ్లాలి. హాల్లోకి వెళ్లి కూర్చోకముందే, లాబీలో ఉండగానే ఆడేయండి. పెద్ద వస్తువులు జారడం ఎక్కువ, అందుకని మూడు ప్రయత్నాల్లో మొదటిది పెద్దదాని మీద, మిగతా రెండు చిన్నవాటి మీద పెడతాను. మొదట్లోనే పెద్దది పోయినా చేతులు ఖాళీగా రావు.

లింక్స్ అవేకెనింగ్‌లో చిన్న వయసులో గేమ్ బాయ్ మీద ఆడినవాళ్లు స్విచ్‌లో అదే అలవాటుతో ఆడితే తడబడతారు. పాతదాంట్లో బొమ్మకు బరువు, ఒరగడం అంటూ ఏమీ లేదు, పంజా తగిలితే వచ్చేసినట్టే. కొత్తదాంట్లో బొమ్మ గోళ్ల మీద ఊగుతుంది, జారుతుంది. కొత్తదాంట్లో ఒక హార్ట్ పీస్ (హీరో ప్రాణశక్తిని పెంచే ముక్క) కూడా ఈ దుకాణంలోనే ఉంది, యోషీ బొమ్మతో పాటు దాన్నీ వదలకండి. తర్వాత్తర్వాత మారియో గేమ్‌ల్లోని జీవుల చిన్న విగ్రహాలు వస్తాయి. ఒక్కోటి గెలిచాక ఊళ్లో ఇళ్లలో ఉన్న పీఠాల మీద పెట్టాలి. చేతిలో ఒకటి ఉండగా ఇంకోదాని కోసం తొందరపడకండి, ముందు దాన్ని పెట్టి రండి.

యాకుజా 0 కథ 1988 డిసెంబరులో జరుగుతుంది. సెగా సంస్థ యూఎఫ్‌ఓ క్యాచర్ అనే క్లా మెషిన్‌ని 1985లో తెచ్చింది, అంటే గేమ్‌లోని ఇద్దరు హీరోలు కిర్యూ, మజిమా ఆ మెషిన్ ముందు నిలబడేసరికి దాని వయసు మూడేళ్లే. క్లబ్ సెగాలోకి ఎప్పుడు వెళ్లినా ఆ సంగతి గుర్తొచ్చి, పక్కనే ఉన్న అవుట్‌రన్ అనే కారు ఆట మెషిన్‌ని కూడా కాసేపు ప్రేమగా చూస్తాను. అక్కడ బొమ్మలు ఒకదాని మీద ఒకటి పడి ఉంటాయి కాబట్టి, పైన చెప్పిన మెడ కింద పట్టే పద్ధతి బాగా పనికొస్తుంది. వచ్చినదాన్ని వచ్చినట్టు తీస్తూ పోతే కుప్ప తగ్గి, అడుగున ఉన్నది తనంతట తానే తేలుతుంది.

అసలు డబ్బుతో ఆడించే ఆటల దగ్గర

ఇప్పటిదాకా చెప్పినదంతా గేమ్‌లో సంపాదించిన రూపీలు, గోల్డ్‌లతో ఆడే మెషిన్ల గురించి. కాయిన్లను మీ జేబులోని డబ్బుతో కొనమని అడిగే ఫోన్ ఆటలు వేరు. అక్కడ మీరు ఓడితే ఎవరికో లాభం ఉంది, కాబట్టి మొదట్లో చెప్పిన నమ్మకం, మెషిన్ మీరు గెలవాలనే కోరుకుంటోందన్నది, అక్కడ వర్తించదు. పట్టు ఎప్పుడు సడలాలో లోపల ఎలా రాసి ఉందో మీకు కనిపించదు. పిల్లలు అలాంటిది ఆడుతుంటే ఫోన్‌లో కొనుగోళ్లకు పాస్‌వర్డ్ పెట్టండి. వాళ్లకు నీడ చదవడం నేర్పాలనుకుంటే కొన్న గేమ్‌లోని మెషిన్ ముందు పక్కన కూర్చుని నేర్పండి. మీరు పైకి లెక్కపెట్టండి, బటన్ వాళ్ల చేతికివ్వండి. వరుసగా ఐదు ఆటలు పోతే కంట్రోలర్ కింద పెట్టించి, ఆ ఐదింట్లో పంజా ఎటు తప్పిందో వాళ్లనే కాగితం మీద చుక్కలు పెట్టమనండి. చుక్కలన్నీ ఒకే వైపు పడి ఉంటే గుర్తును అటు నుంచి సగం బొమ్మ ఇటు జరిపి ఆరో ఆట మొదలుపెట్టించండి. చెల్లాచెదురుగా ఉంటే లయ నిలవలేదన్నమాట, బొమ్మను పక్కనపెట్టి వట్టి నీడను ఒకే చోట మూడుసార్లు ఆపించండి.